రాని భాషల్లో ముప్పై ఏళ్లు: జాక్ ఒదియార్ దారి మెక్సికో దాకా

2025 ఆస్కార్లలో 'ఎమీలియా పెరెజ్' అనే స్పానిష్ మాటల ఫ్రెంచి సినిమాకు 13 నామినేషన్లు వచ్చాయి. ఇంగ్లీషేతర సినిమాకు అన్ని రావడం అదే మొదటిసారి. చివరికి దక్కినవి రెండే: సహాయ నటిగా జోయి సల్దాన్యాకు ఒకటి, పాటకు ఒకటి. ప్రధాన నటి పాత సోషల్ మీడియా పోస్టులు బయటపడి జరిగిన రభస వేరు. మెక్సికో వాళ్ల కోపం మాత్రం దర్శకుడు జాక్ ఒదియార్ మీద. కథ అక్కడిది, షూటింగ్ ఎక్కువగా పారిస్ దగ్గరి స్టూడియోలో. ముఖ్య నటీమణుల్లో మెక్సికన్ ఒక్కరే. దర్శకుడికేమో స్పానిష్ రాదు.

ఇది ఆయనకు కొత్త అలవాటేమీ కాదు.

ఒదియార్ 1952లో పారిస్‌లో పుట్టారు. తండ్రి మిషెల్, ఫ్రెంచి సినిమాలో డైలాగులకు పెట్టింది పేరు. మన పత్రికల లెక్కలో మాటల మాంత్రికుడు. కొడుకు చదువు మధ్యలో వదిలేసి ఎడిటింగ్ గదిలో సహాయకుడిగా చేరాడు, తర్వాత స్క్రీన్‌ప్లేలు రాశాడు. 1983లో దర్శకుడు క్లోద్ మిల్లెర్ సినిమాకు తండ్రీకొడుకులు కలిసి పనిచేశారు. మొదటి సినిమా తీసేసరికి ఆయనకు 42 ఏళ్లు.

అలాంటి ఇంట్లోంచి వచ్చినాయన కథల్లో మాట ఎప్పుడూ అడ్డుపడుతూనే ఉంటుంది. 2001 సినిమాలో నాయిక సరిగా వినపడక పెదాలు చూసి మాటలు పట్టుకుంటుంది. 2005లో హీరోకు పియానో నేర్పే అమ్మాయికి ఫ్రెంచి రాదు. 2009 నాటి 'ఎ ప్రాఫెట్'లో చదువురాని ఖైదీ మాలిక్, ఫ్రాన్సు దీవి కోర్సికాకు చెందిన ముఠాకు ఊడిగం చేస్తూ చాటుగా వాళ్ల భాష నేర్చేసుకుంటాడు. ఆ ముఠా పెత్తనం కూలడం అక్కడే మొదలవుతుంది. నా లెక్కలో ఆయన చేసినవాటిలో అదే గొప్పది.

2015లో ఇంకో అడుగు వేశారు. శ్రీలంక నుంచి ఒకే కుటుంబమని నటిస్తూ పారిస్ శివారుకు చేరిన ముగ్గురి కథ 'దీపన్'. మాటలు చాలావరకు తమిళం, ఒదియార్‌కు అదీ రాదు. హీరో ఆంటోనిదాసన్ యేసుదాసన్ కుర్రతనంలో ఎల్‌టీటీఈలో పనిచేసి, ఫ్రాన్సులో ఆశ్రయం పొందిన రచయిత. నాయిక కాళీశ్వరి శ్రీనివాసన్ చెన్నై రంగస్థల నటి. కాన్ చిత్రోత్సవంలో అన్నిటికన్నా పెద్ద బహుమతి పామ్ డోర్ వచ్చింది. క్లైమాక్స్ తుపాకుల మోత మీద అప్పుడే సణుగుళ్లు వినిపించాయి గానీ, నటుడి జీవితమే సినిమాను నిలబెట్టింది.

2018లో అమెరికా వెస్టర్న్‌ను, అంటే కౌబాయ్‌ల కాలపు కథను, స్పెయిన్, రొమేనియాల్లో తీస్తే ఎవరూ తప్పుపట్టలేదు. ఆ పని ఇటలీ వాళ్లు ఎప్పుడో అలవాటు చేశారు.

మెక్సికోలో అలా కుదరలేదు. బోరిస్ రాజాన్ నవలలోని ఒక పాత్రను పట్టుకుని ఒదియార్ 'ఎమీలియా పెరెజ్'ను ముందు ఒపేరాగా, అంటే పాటలతో నడిచే నాటకంగా రాసుకున్నారు. ఒపేరాలో ఊరంటే వెనక వేలాడే తెర. కానీ ఈ కథలో మాదకద్రవ్యాల ముఠా నాయకుడు ఆడమనిషిగా మారి, మాయమైనవాళ్లను వెతికే సంస్థ పెడతాడు. మెక్సికో అధికారిక జాబితాలోనే అలా కనిపించకుండా పోయినవాళ్లు లక్ష దాటారు. వాళ్ల తల్లులు నిజంగానే పారలు పట్టుకుని తవ్వుతున్నారు. దీపన్‌లోలా ఆ బతుకు తెలిసిన మనిషి ఇక్కడ సినిమా మధ్యలో లేరు. పైగా, పెద్దగా పరిశోధన చేయలేదని దర్శకుడే చెప్పుకున్నారు.

2025 జనవరిలో నొప్పించి ఉంటే క్షమించమన్నారు. ఆ నెలలోనే కమీలా అవురోరా అనే మెక్సికన్ యువతి, ఫ్రెంచివాళ్ల మీద ఒక వెటకారపు పొట్టి సినిమా తీసి యూట్యూబ్‌లో పెట్టింది: మెక్సికన్ నటులే, అతికించిన మీసాలు, చేతుల్లో బగెత్ రొట్టెలు. ఫ్రాన్సు మాత్రం ఫిబ్రవరిలో 'ఎమీలియా పెరెజ్'కు తన జాతీయ సినిమా అవార్డులైన సెజార్లు ఏడు ఇచ్చింది.