పాత ఫోటో తీసిన చోటు వెతకడం

చిరంజీవులకు,

జ్ఞాపకాన్ని ఏ కెమెరా తీయలేదు పిల్లలూ. దానికి దొరికేది చోటు ఒక్కటే, అదీ ఇప్పుడున్నట్టు. అప్పుడెలా ఉండేదో చెప్పాల్సింది గొంతు. ఒకరి జ్ఞాపకంలోని పాత చోటు గురించి మీరు తీసే డాక్యుమెంటరీకి, ఈ రెండూ పొసగని దగ్గరే ప్రాణం. క్లాడ్ లాంజ్‌మన్ 1985 నాటి 'షోఆ' తొమ్మిది గంటల పైచిలుకు సినిమా. యూదుల మారణకాండ గురించే అయినా, ఆనాటి ఫుటేజీ ఒక్క ముక్క వాడలేదు. ఈనాటి ముఖాలు, ఖాళీ మైదానాలు, రైలు పట్టాలు, మాటలు. అంతే.

అందుకే ముందు జ్ఞాపకం చెప్పేవాళ్ల గొంతు పట్టండి, కెమెరా సంచిలోనే ఉండనివ్వండి. రికార్డరు నోటికి జానెడు దూరంలో, కాస్త పక్కకి పెట్టాలి. ఎదురుగా పెడితే 'ప', 'బ' పలికినప్పుడల్లా గాలి కొట్టి టప్పుమంటుంది. రికార్డరులో శబ్దం స్థాయి చూపే మీటరు మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఆడాలి. సున్నా తాకి పగిలిన శబ్దాన్ని తర్వాత అతకలేరు. "అప్పుడెలా అనిపించింది?" అంటే అందరూ చెప్పే మాటే వస్తుంది. "తలుపు లోపలికి తెరుచుకునేదా, బయటికా?" అని అడగండి. కాగితమిచ్చి ఇంటి పటం గీయమనండి, పెన్సిల్ ఆగినప్పుడు మీరు నోరు విప్పకండి. మొదటిసారి చెప్పేదే రికార్డు కావాలి. "ఇందాక చెప్పిందే మళ్లీ చెప్పండి" అంటే పాఠం అప్పజెప్పినట్టు ఉంటుంది. సంవత్సరం తప్పు చెప్పినా దిద్దకండి, ఆ తప్పు కూడా మీకు పనికొస్తుంది.

ఇక అసలు పని. పాత ఫోటో ఉంటే, తీసినవాళ్లు ఎక్కడ నిలబడ్డారో కనుక్కోవాలి. ఫోటోలో దగ్గరి వస్తువు ఒకటి, దూరపుది ఒకటి చూసుకోండి. స్తంభం అంచుకి సరిగ్గా వెనక కిటికీలో ఎన్నో కమ్మి ఉంది? కెమెరాలోనూ అదే కమ్మి ఆ అంచుకి తగిలేదాకా పక్కలకు జరగండి. ఈ జత మిమ్మల్ని ఒక గీత మీద నిలబెడుతుంది. ఫ్రేములో మరోవైపు ఇంకో జత పట్టుకుంటే రెండో గీత దొరుకుతుంది. రెండూ కలిసే చోటే ఆ చోటు. తర్వాత కెమెరా ఎత్తు చూసుకోండి. జూమ్ అన్నిటికన్నా చివర. చాలామంది జూమ్‌తో మొదలుపెట్టి రోజంతా పాడుచేసుకుంటారు. అది బొమ్మను పెద్దది చేస్తుందే గాని స్తంభం చాటున్న కమ్మిని బయటికి లాగలేదు. నీడలు కూడా కలవాలంటే అదే కాలం, అదే పొద్దు ఉండాలి.

షాట్ కనీసం నిమిషం, ట్రైపాడ్ మీద. ఫోకస్, ఎక్స్‌పోజర్ (వెలుతురు మోతాదు), వైట్ బ్యాలెన్స్ (రంగుల తూకం) మూడూ లాక్ చేయాలి; లేకపోతే మబ్బు కదిలినప్పుడల్లా గోడ రంగు మారుతుంది, చూసేవాళ్ల కన్ను అక్కడికే పోతుంది. ట్యూబులైట్ల కింద షట్టర్ వేగం, కరెంటు 50 హెర్ట్జ్ ఉన్నచోట సెకనులో 1/50 వంతు, 60 ఉన్నచోట 1/60 వంతు. లేదంటే బొమ్మ మినుకుమంటుంది. ఫిల్ము మీద తీసే భాగ్యం కలిగితే లెక్క వేరు: 16 ఎం.ఎం. చుట్ట 100 అడుగులు, సెకనుకు 24 ఫ్రేముల చొప్పున 2 నిమిషాల 46 సెకన్లకు అయిపోతుంది.

బయల్దేరే ముందు అక్కడి నిశ్శబ్దాన్ని కూడా నిమిషం పాటు రికార్డు చేయండి. మాటల మధ్య ఆ నిశ్శబ్దాన్ని పరవకపోతే స్పీకరు చచ్చిపోయినట్టు వినిపిస్తుంది.

ఎడిటింగ్‌లో, 'బావి' అన్న మాటకి బావిని వెతికి తెచ్చి అంటించకండి. ఇప్పుడక్కడ కార్లు నిలిపే స్థలమే ఉంటే అదే చూపించండి. మాట అయ్యాక ఇంకో ఐదు సెకన్లు అలాగే ఉంచండి. ఆ ఐదు సెకన్లలో సంగీతం మాత్రం పోయకండి.

ఆశీస్సులతో,
మీ పెదనాన్న