బెట్టీ బూప్ గొంతు ఎవరిది?

2026 జనవరి 1తో, పాతకాలపు కార్టూన్ పాత్ర బెట్టీ బూప్ మొదట కనిపించిన 'డిజ్జీ డిషెస్' కార్టూన్ అమెరికాలో అందరి సొత్తయింది. 1930లో వచ్చిన సినిమా కదా, 95 ఏళ్ల కాపీరైట్ తీరిపోయింది. దాంతో బెట్టీ ఎవరి సొత్తన్న గొడవ మళ్లీ రాజుకుంది. పాత్ర పేరు మీద ట్రేడ్‌మార్క్ ఇంకా తమదేనని, బెట్టీని సృష్టించిన మాక్స్ ఫ్లైషర్ వారసుల సంస్థ ఫ్లైషర్ స్టూడియోస్ అంటోంది. పైగా ఆ మొదటి బెట్టీకి వేలాడే కుక్క చెవులుండేవి. అవి పోయి రింగులొచ్చింది తర్వాతే.

చెవుల సంగతి అలా ఉంచితే, నా దృష్టిలో అసలు చిక్కు గొంతుది. అది 1934లో న్యూయార్క్ కోర్టులో బయటపడింది.

హెలెన్ కేన్ 1928లోనే స్టార్ గాయని. చిన్నపిల్లలా ముద్దుముద్దుగా పాడుతూ, మధ్యలో 'బూప్ ఊప్ ఎ డూప్' అని విరుపు వేసేది. జనం ఆమెని గుర్తుపట్టింది దాంతోనే. అప్పుడప్పుడే మాటలు, పాటలు నేర్చిన కార్టూన్లకు అలాంటి గొంతు కావాల్సివచ్చింది. బెట్టీకి ఎక్కువకాలం గొంతిచ్చిన మే క్వెస్టల్ కూడా కేన్‌లా పాడే పోటీలో గెలిచిన అమ్మాయే. ఇంతకన్నా ఏం రుజువు కావాలి? తన రూపాన్నీ పాటతీరునీ వాడుకున్నారని కేన్ 1932లో మాక్స్ ఫ్లైషర్ మీద, ఆ కార్టూన్లను విడుదల చేసిన పారామౌంట్ మీద రెండున్నర లక్షల డాలర్లకు దావా వేసింది.

ఫ్లైషర్ పక్షం ప్రధాన వాదన ఇది: ఆ తీరు కేన్ సొంతం కాదు. లూ బోల్టన్ అనే మేనేజర్ సాక్ష్యం చెప్పాడు. బేబీ ఎస్తర్ అనే నల్లజాతి బాలికకు ఆ విరుపులు తానే నేర్పానని, 1928లో న్యూయార్క్ క్లబ్బులో ఆమె ప్రదర్శనను కేన్ చూసిందని అన్నాడు. ఎస్తర్ పాడిన పాత టెస్ట్ ఫిల్మ్‌ని కోర్టులో వేసి చూపించారు. జడ్జి మెక్‌గోల్డ్రిక్ కేన్ దావా కొట్టేశారు.

ఆ తీరు ఒక్కరిది కాదని చెప్పి గెలిచిన ఫ్లైషర్ పేరుతోనే ఈ రోజు బెట్టీ మాదంటున్నారు. 2011లో అప్పీలు కోర్టులో కూడా, కాపీరైట్ చేతులు మారుతూ తమదాకా వచ్చిందని ఫ్లైషర్ స్టూడియోస్ నిరూపించుకోలేకపోయింది. ట్రేడ్‌మార్క్ విషయం వేరు, దాన్ని కాదనలేం. కానీ హక్కుల మాట వచ్చిన ప్రతిసారీ కేన్ పేరైనా వినిపిస్తుంది, ఎస్తర్ పేరు వినిపించదు. ఎవరి పాట చూపించి ఆ కేసు గెలిచారో, ఆ పిల్ల కోర్టులో సాక్ష్యం చెప్పనేలేదు.