ఇది నా రాత కాదు, నీ రాతే

పిల్లలూ,

మొన్న ఫోన్లో చిన్నది అడిగింది కదా, "తాతయ్యా, 1931లో పోయినావిడ గురించి న్యూయార్క్ టైమ్స్ వాళ్లు 2018లో సంతాపం రాయడమేమిటి?" అని. అప్పుడు సరిగ్గా చెప్పలేకపోయాను. అందుకే ఈ ఉత్తరం.

ఆవిడ ఐడా బి. వెల్స్. 1862లో అమెరికాలోని మిసిసిపీలో బానిసలైన నల్లజాతి తల్లిదండ్రులకు పుట్టింది. పెద్దయ్యాక మెంఫిస్ అనే ఊళ్లో పత్రిక నడిపింది. అక్కడ ఆవిడ స్నేహితుడు థామస్ మాస్ ఇంకొందరితో కలిసి కిరాణా కొట్టు పెట్టాడు. కొట్టు బాగా సాగింది. దగ్గర్లోనే ఉన్న తెల్లాయన కొట్టుకి బేరాలు తగ్గాయి. గొడవ ముదిరింది. 1892 మార్చిలో ఒక గుంపు మాస్‌నీ మరో ఇద్దరినీ జైల్లోంచి లాక్కెళ్లి కాల్చి చంపేసింది. ఎవరికీ శిక్ష పడలేదు.

మా నాయనమ్మకీ ఊళ్లో కొట్టుండేది. అరువు పద్దు ఆవిడ రాసేది కాదు, సరుకు తీసుకున్నవాళ్ల చేతే రాయించేది. సిరా బుడ్డి పట్టుకుని నిలబడటం నా పని. వేళ్లన్నీ నీలం అయిపోయేవి. ఎవరైనా "నేను తీసుకోలేదే" అంటే పుస్తకం తిప్పి వాళ్ల ముందు పెట్టేది. "ఇది నా రాత కాదు నాయనా, నీ రాతే" అనేది. అంతే, నోరు పడిపోయేది.

వెల్స్ చేసింది అచ్చం అదే. నల్లవాళ్లను గుంపులు చంపుతున్న లెక్కలను 1895లో పుస్తకంగా వేసింది. ఆ అంకెలు తెల్లవాళ్ల పత్రిక షికాగో ట్రిబ్యూన్ అచ్చేసినవే! తెల్లవాళ్లను అవమానించారన్నది కూడా మనిషిని చంపడానికి ఒక కారణమట. అప్పటికే ఆవిడ ఊళ్లో లేనప్పుడు పత్రిక ఆఫీసు ధ్వంసం చేశారు, మెంఫిస్‌కి తిరిగి రానివ్వలేదు. అయినా రాయడం ఆపలేదు. అలాంటి మనిషి పోతే న్యూయార్క్ టైమ్స్ సంతాపంగా ఒక్క ముక్క రాయలేదు. 1851 నుంచీ తాము రాసిన సంతాపాల్లో ఎక్కువ భాగం తెల్లజాతి మగవాళ్లవేనని చివరికి 2018లో వాళ్లే ఒప్పుకుని, ఈవిడకు సంతాపం రాశారు. అన్నాళ్లూ పద్దు ఉంది, అందులో ఈవిడ పేరు లేదు.

ఇంకో మాట చెప్పాలి. నాయనమ్మ పుస్తకం ఇంకా మన అటక మీదే ఉంది. అందులో అందరి పేర్లూ ఉన్నాయి. ఊరి చివర పేట నుంచి వచ్చినవాళ్ల దగ్గర మాత్రం "పేటవాడు" అని, పక్కన ఒక వేలిముద్ర. ఆ ముద్రలు వేయించేటప్పుడు సిరా పట్టుకున్నది నేనే. పేరేమిటని ఒక్కసారీ అడగలేదు.

సంక్రాంతికి వచ్చినప్పుడు ఆ పుస్తకం దింపుదాం. పేటలో నా ఈడువాళ్లు ఇద్దరు ముగ్గురు ఉన్నారు, వాళ్లకు గుర్తుంటాయి. పెన్సిళ్లు తెచ్చుకోండి.

మీ తాతయ్య