కొత్త పెన్‌డ్రైవ్‌ను నమ్మే ముందు నింపి చూడండి

చిరంజీవులకు ఆశీస్సులు.

మీలో చాలామంది దాచుకున్న డబ్బుతో పెన్‌డ్రైవ్‌లు, మెమరీ కార్డులు కొనుక్కుంటున్నారు. ఎక్కడ కొన్నా సరే, ఇంటి ఫోటోలు అందులోకి ఎక్కించే ముందు ఈ ఉత్తరం చదవండి.

పైన 2 టీబీ అని ముద్రించి ఉన్న పెన్‌డ్రైవ్ నాలుగైదు వందల రూపాయలకే దొరికితే లోపల 16 జీబీయో 32 జీబీయో ఉందని అనుమానించాల్సిందే. కంప్యూటర్‌కు పెడితే మాత్రం 2 టీబీ అనే చూపిస్తుంది. డ్రైవ్‌లో ఎంత చోటుందో కంప్యూటర్ కొలవదు, అడిగి తెలుసుకుంటుంది. జవాబిచ్చేది డ్రైవ్‌లోని కంట్రోలర్ అనే చిప్పు. మోసగాళ్లు దాని ప్రోగ్రామును మార్చి ఆ చిప్పు చేతనే అబద్ధం చెప్పిస్తారు.

నిజమైన చోటు అయిపోయాక కూడా ఆ డ్రైవ్ నిండిపోయానని చెప్పదు. ఇచ్చిందల్లా తీసుకుంటూనే ఉంటుంది. కొన్ని ఆ సమాచారాన్ని అక్కడికక్కడే వదిలేస్తాయి, కొన్ని మళ్లీ మొదటికి వచ్చి పాత ఫైళ్ల మీదే రాసేస్తాయి. ఫైళ్ల పేర్లు, సైజులు నమోదయ్యే పట్టిక సాధారణంగా డ్రైవ్ మొదటి భాగంలోనే ఉంటుంది. అందుకని జాబితా చాలాసార్లు చెక్కుచెదరదు. విషయసూచిక పూర్తిగా ఉండి లోపల పేజీలు తెల్లగా మిగిలిన పుస్తకం లాంటిదన్నమాట. మొదట ఎక్కించిన ఫోటోలు బాగానే తెరుచుకుంటాయి. తర్వాత ఒకటి సగం వరకు కనిపించి, కింది సగం బూడిద రంగులో ఉంటుంది. ఆ తర్వాతవి అసలు తెరుచుకోవు. ఈ సంగతి తెలిసేసరికి ఫోన్‌లోని అసలు ఫోటోలను తుడిచేసి ఉంటారు. మీకు ఈ ఉత్తరం రాయడానికి కారణం అదే.

నాలుగు ఫైళ్లు ఎక్కించి చూస్తే చాలదు. ఫార్మాట్ చేసి చూసినా చాలదు, క్విక్ ఫార్మాట్ ఆ పట్టికను కొత్తగా రాస్తుందంతే. డ్రైవ్‌ను చివరిదాకా నింపి, రాసినదంతా తిరిగి చదివి పోల్చాలి. దీనికి విండోస్‌లో హెచ్2టెస్ట్‌డబ్ల్యూ అనే ఉచిత ప్రోగ్రాము ఉంది. లినక్స్‌లో, మ్యాక్‌లో ఎఫ్3 ఉంది. రెండూ ఒక్కో జీబీ ఫైళ్లతో డ్రైవ్‌ను నింపి, రాసిందే తిరిగి వచ్చిందో లేదో సరిచూస్తాయి. ఎఫ్3 అయితే ఎంత సరిగా ఉంది, ఎంత పోయింది, పోయినదానిలో ఎంత చెడింది, ఎంత మీద ఇంకొకటి రాసేసింది అని విడివిడిగా చెబుతుంది. రాయడం పూర్తయ్యాక డ్రైవ్‌ను ఒకసారి తీసి మళ్లీ పెట్టి చదివించండి. అప్పుడు కంప్యూటర్ తన జ్ఞాపకంలోంచి కాక డ్రైవ్‌లోంచే చదువుతుంది.

ఓపిక కావాలి. సెకనుకు 10 ఎంబీ వేగంతో రాసే 64 జీబీ డ్రైవ్ నిండడానికే దాదాపు గంటా ముప్పావు పడుతుంది. రాత్రి మొదలుపెట్టి పడుకోండి. ఖాళీ డ్రైవ్ మీదే చేయండి, అయ్యాక పరీక్ష ఫైళ్లను తీసేయండి. అన్నట్టు, 64 జీబీ డ్రైవ్ విండోస్‌లో 59.6 అని కనిపిస్తే గాభరా పడకండి. తయారీదారు వెయ్యి చొప్పున లెక్కిస్తాడు, విండోస్ 1024 చొప్పున లెక్కిస్తుంది. అందులో మోసం లేదు.

హార్డ్‌డిస్క్ విషయం వేరు. దాని ఆరోగ్యాన్ని అదే స్మార్ట్ అనే పట్టికలో రాసుకుంటుంది. విండోస్‌లో క్రిస్టల్‌డిస్క్‌ఇన్ఫో అనే ప్రోగ్రాములో ఆ పట్టికను తెరిచి చూడండి. 5వ అంశం పాడై పక్కన పెట్టిన సెక్టార్లది (సెక్టార్ అంటే డిస్క్‌లో సమాచారం రాసే చిన్న గడి), 197వది చదవడానికి మొరాయిస్తున్న సెక్టార్లది. ఈ అంకెలు పెరుగుతుంటే ఆ రోజే ఇంకోచోటికి కాపీ తీయండి. 199వది డిస్క్‌కూ కంప్యూటర్‌కూ మధ్య సమాచారం వెళ్లేటప్పుడు దొర్లిన తప్పులది, అది పెరిగితే ముందు కేబుల్ మార్చి చూడండి.

పరీక్షలో నకిలీ అని తేలిన పెన్‌డ్రైవ్‌ను అసలు సైజుకు కుదించి వాడుకునే మార్గం ఉంది కానీ, నేనైతే వద్దంటాను. అంత అబద్ధంతో అమ్మిన వస్తువులో వేసిన చిప్పు మాత్రం మంచిదై ఉంటుందా? ఫలితం కనిపించే తెరను ఫోటో తీసి, వాపసు గడువు దాటకముందే అమ్మినవారికి పంపి డబ్బు వెనక్కి అడగండి.

మీ తాతయ్య