బీజగణితంలో గ.సా.భా: చిన్న ఘాతమే ఎందుకు?

18, 24, 30ల గ.సా.భా (గరిష్ఠ సామాన్య భాజకం) ఎంతంటే పిల్లలు 6 అని టక్కున చెప్పేస్తారు. అదే 18యా³కా², 24యా²కా⁵, 30యా⁴కా అని ఇస్తే టెన్షన్ మొదలవుతుంది. ఈ యా, కా మనం బడిలో రాసే ఎక్స్, వై లాంటివే. 12వ శతాబ్దంలో భాస్కరాచార్యుడు తెలియని రాశులకు వాడిన అక్షరాలివి.

అంకెల వరకు 6 సరిపోయింది. ఇక యా సంగతి చూద్దాం. మొదటి పదంలో మూడు యాలు గుణించి ఉన్నాయి, రెండో పదంలో రెండు, మూడో పదంలో నాలుగు. మూడింటి నుంచీ బయటికి తీయగలిగేవి రెండే కాబట్టి యా². మూడో పదంలో ఒక్క కానే ఉంది కాబట్టి ఒక్క కా. జవాబు 6యా²కా. దాన్ని తీసేశాక 3యాకా, 4కా⁴, 5యా² మిగులుతాయి. వీటి మూడింటికీ ఉమ్మడిగా ఇక ఏమీ లేదు, అంటే లెక్క సరైనదే. చాలామంది యా⁴ రాసేస్తారు, అది క.సా.గు(కనిష్ఠ సామాన్య గుణిజం)లో రావాల్సింది.

ఇక్కడ గరిష్ఠం అంటే విలువలో పెద్దదని కాదు. యా విలువ 1/2 అయితే యా² విలువ 1/4 మాత్రమే, యా కన్నా తక్కువ. మనం చూసేది ఘాతాన్ని. ఈ తేడా పాఠంలో గట్టిగా చెప్పాలి, చెప్పకపోతే పిల్లలకు సూత్రం తప్ప ఏమీ మిగలదు.

బహుపదుల దగ్గర ఇంకా అందమైన దారి ఉంది. యా²+7యా+12, యా²+5యా+6 తీసుకోండి. కారణాంకాల కోసం వెతక్కుండా మొదటి దాంట్లోంచి రెండోదాన్ని తీసేయండి. 2యా+6 వస్తుంది, అంటే 2(యా+3). రెంటినీ భాగించేది వాటి తేడానూ భాగించి తీరాలి కనుక ఇక వెతకాల్సింది ఇందులోనే. యా+3తో భాగిస్తే రెండూ శేషం లేకుండా పోతాయి, యా+4, యా+2 మిగులుతాయి. 2 మాత్రం బహుపదులు రెంటిలోనూ ఉమ్మడి గుణకం కాదు, వదిలేయాలి. సంఖ్యలకు ఈ పద్ధతిని క్రీ.పూ. 300 ప్రాంతంలో యూక్లిడ్ రాశాడు. బహుపదులకు 1585లో సైమన్ స్టెవిన్ వర్తింపజేశాడు.

ఇప్పుడు యా = 10 పెట్టి చూడండి. 182, 156 వస్తాయి. వాటి గ.సా.భా 26, యా+3 మాత్రం 13. పొరపాటేం లేదు. మిగిలిన యా+4, యా+2 ఇక్కడ 14, 12 అయ్యాయి, రెండూ సరిసంఖ్యలే కాబట్టి ఆ 2 అదనంగా చేరింది. యా = 11 అయితే 210, 182 వస్తాయి, గ.సా.భా సరిగ్గా 14. యా సరిసంఖ్య అయితే 2 వస్తుంది, బేసి అయితే రాదు. యా+3 మాత్రం ఏ ధన పూర్ణాంకం పెట్టినా రెంటినీ భాగిస్తుంది.