ఇంజన్ ఏదీ తాతా?

బుజ్జీ, చిన్నోడా,

బెంగళూరుకు మంచిగా చేరుకున్నారని మీ అమ్మ ఫోన్ చేసింది. మొన్న మహబూబ్‌నగర్ స్టేషన్‌లో వందే భారత్ ఆగింది నిమిషమో, రెండు నిమిషాలో. సంచులు ఎక్కించే హడావిడిలో చిన్నోడు నా చొక్కా పట్టి గుంజి, "ఇంజన్ ఏదీ తాతా?" అని అడిగాడు. నేను నోరు తెరిచేలోపే తలుపులు వాటంతట అవే మూసుకున్నాయి. జవాబు నా దగ్గరే మిగిలిపోయింది. అందుకే ఈ ఉత్తరం.

ముందున్న ఆ కోసు మూతిని చూసి అదే ఇంజన్ అనుకుంటారు అందరూ. అందులో లోకో పైలట్ కూర్చుంటాడు, అంతే. బండిని నడిపించే మోటారు ఆ పెట్టె కింద ఒక్కటి కూడా లేదు! 16 పెట్టెల వందే భారత్‌లో మోటార్లు ఎనిమిది పెట్టెల కింద ఉంటాయి. పెట్టెకు నాలుగు ఇరుసులు, ఇరుసుకో మోటారు. మొత్తం 64 ఇరుసుల్లో 32 పని చేస్తాయి, మిగతావి ఊరికే దొర్లుతాయి.

ఎందుకిలా పంచిపెట్టారంటారా? వడ్లు తోలేటప్పుడు వాన పడి మన బోరు కాడ ట్రాలీ దిగబడింది, గుర్తుందా? ట్రాక్టర్ చక్రాలు ఉన్నచోటే గిర్రున తిరిగి చిన్నోడి మొహం నిండా బురద చిమ్మాయి కానీ, ట్రాలీ జానెడు కూడా కదల్లేదు. ట్రాక్టర్‌కు బలం చాలకనా? కాదు, నేల మీద చక్రానికి పట్టు దొరక్క. చివరికి పదిమందిమి దిగి, తలా ఒక చక్రం పట్టుకుని నెడితే గట్టెక్కింది.

రైలుకూ అదే తిప్పలు. ఇనుప పట్టా మీద ఇనుప చక్రమాయె, వాన చినుకు పడితే జారుతుంది. మామూలు ఎక్స్‌ప్రెస్ బండికి ముందు తగిలించే డబ్ల్యూఏపీ-7 ఇంజన్ 123 టన్నులు తూగుతుంది. అంత బరువు మోపినా దానికున్నవి ఆరు ఇరుసులే. వెనక 22 పెట్టెలుంటే 88 ఇరుసులు దాని మీద ఆధారపడి రావాలి. చక్రం జారకుండా పట్టాల మీద ఇసుక పోసే ఏర్పాటు కూడా ఇంజన్‌లోనే ఉంటుంది. నమ్మరు గానీ, నిజం. మీ బండికి పట్టు ముప్పై రెండు చోట్ల దొరుకుతుంది కాబట్టి ఆగిన చోటి నుంచి చప్పున వేగం అందుకుంటుంది.

ఇక కరెంటు సంగతి. మనింట్లోకి వచ్చేది 230 వోల్టులు. పట్టాల మీది తీగలో ఉండేది 25,000 వోల్టులు, అంటే వంద రెట్లకు పైనే. తీగను ముట్టుకోనక్కర్లేదు, దగ్గరికి పోతేనే గాలిలోంచి దూకి కొడుతుంది. ఆగి ఉన్న గూడ్స్ బండి ఎక్కి సెల్ఫీ దిగబోయి కాలిపోయిన పిల్లల వార్తలు పేపర్లో చదివినప్పుడల్లా నాకు కడుపులో దేవినట్టవుతుంది. మీరు అటువైపు పోతే కాళ్లు విరగ్గొడతా.

బండి కప్పు మీద మడత గొడుగులా లేచి ఉండేది పాంటోగ్రాఫ్. దాని పైనున్న కార్బన్ పట్టీ తీగను రాసుకుంటూ పోయి కరెంటు అందుకుంటుంది. ఈసారి ప్లాట్‌ఫారం మీద నిలబడి తలెత్తి చూడండి. పట్టాలు తిన్నగా ఉన్నచోట కూడా తీగ తిన్నగా ఉండదు. ఒక స్తంభం దగ్గర అటు, తర్వాతి దాని దగ్గర ఇటు, మధ్య గీత నుంచి సుమారు 200 మిల్లీమీటర్లు పక్కకు జరిపి కడతారు. మన పాత బావి గిరకను తాడు ఎట్లా కోసిందో చూశారుగా? తీగ ఒకేచోట రాసుకుంటే కార్బన్ పట్టీకీ అట్లాగే గాడి పడుతుంది.

ఆ కరెంటు పెట్టె కిందున్న ట్రాన్స్‌ఫార్మర్‌లోకి దిగి, వోల్టేజి తగ్గి, మోటార్లకు పనికొచ్చేలా మారి వాటికి చేరుతుంది. నాకు బాగా నచ్చింది మాత్రం బ్రేకు. నా పాత సైకిల్‌కు డైనమో ఉండేది. దాన్ని టైరుకు ఆనిస్తే లైటు వెలిగేది, కానీ తొక్కడం బరువయ్యేది. ఇక్కడా అంతే. బ్రేకు వేస్తే మోటార్లే డైనమోలవుతాయి. ఆ బరువుకు బండి నెమ్మదిస్తుంది, పుట్టిన కరెంటు మళ్లీ తీగలోకే పోతుంది.

మోటార్లను ఇలా పెట్టెల కింద పంచే పద్ధతి కొత్తదేం కాదు. మన దేశంలో ఇటువంటి కరెంటు బండి మొదట నడిచింది 1925 ఫిబ్రవరి 3న, బొంబాయిలో. హైదరాబాద్‌లో మీరెక్కిన ఎంఎంటీఎస్, పల్లెల మీదుగా తిరిగే మెము కూడా ఈ వంశానివే. వందే భారత్‌ను చెన్నైలోని ఇంటిగ్రల్ కోచ్ ఫ్యాక్టరీ తయారుచేసింది. మొదటిది 2019 ఫిబ్రవరిలో ఢిల్లీ నుంచి వారణాసికి కదిలింది. మన నల్లగొండ మీదుగా తిరుపతి బండి 2023 ఏప్రిల్‌లో, మన పాలమూరు మీదుగా కాచిగూడ–యశ్వంత్‌పూర్ బండి అదే ఏడు సెప్టెంబర్‌లో మొదలయ్యాయి.

నా చిన్నప్పుడు ఇదే దారిలో మీటర్ గేజ్ ఉండేది, అంటే పట్టాల మధ్య ఎడం మీటరే. పొగబండి దిగేసరికి కళ్లల్లో బొగ్గు నలుసులు, చొక్కా నిండా మసి. బండి వెనక్కి తిరగాలంటే ఇంజన్ విప్పి, పక్క పట్టాల మీదుగా తెచ్చి, అటు కొసన తగిలించేవాళ్లు. ఆలోపు మా నాయన రెండు చాయ్‌లు తాగేవాడు. ఇప్పుడు లోకో పైలట్ సంచి భుజానికేసుకుని అటు కొసకు నడిచిపోతాడు, అంతే. చిన్న స్టేషన్లలో ఆగదని, టికెట్ ధర ఎక్కువని నాకు కోపమే అనుకోండి.

మోటార్లున్న పెట్టెలో కూర్చుంటే బండి కదిలేటప్పుడు కాళ్ల కింద సన్నగా గుయ్‌మని వినిపిస్తుంది. దసరాకు వచ్చేటప్పుడు మొబైల్ పక్కన పెట్టి చెవిపెట్టి వినండి. మీ పెట్టె కింద మోటారు ఉందో లేదో పెట్టె నంబరుతో సహా నాకు చెప్పాలి. సీతాఫలాలు గంపలో మాగబెట్టి ఉంచుతాను.

మీ తాత