చేపలు లేని రేవులో

విశాఖపట్నం

బుజ్జీ, చిన్నోడా,

మొన్న బీచ్ రోడ్డులో కుర్సురా సబ్‌మెరైన్ దగ్గర ఫోను అటూ ఇటూ తిప్పి, "తాతయ్యా, ఇక్కడ తియ్యడానికి ఏమీ లేదు" అన్నారు గుర్తుందా? అప్పుడే చెబుదామనుకున్నాను గానీ మీ చేతుల్లో మొక్కజొన్న పొత్తులున్నాయి, వినే మూడ్‌లో లేరు.

2017 మే నెలలో ఫిషింగ్ హార్బర్ మీద డాక్యుమెంటరీ తీద్దామని తెల్లవారుజామున నాలుగింటికే కెమెరా, స్టాండూ మోసుకుని వెళ్ళాను. వేలంపాట కేకలు, బుట్టల్లో వంజరాలు, ఐసు ముక్కలు అన్నీ బుర్రలో ముందే తీసేసుకున్నాను. తీరా చూస్తే మరబోట్లన్నీ రేవులో కట్టేసి ఉన్నాయి. చేపలు గుడ్లు పెట్టే కాలమని మన తూర్పు తీరంలో ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు వాటి వేట ఆపేస్తారు. పుట్టి పెరిగిన ఊళ్ళో ఆ మాత్రం గుర్తులేదు నాకు! (మీ నానమ్మకి గుర్తుందట. అడగలేదుగా అంది.)

ఒక బోటు నీడలో ఒకాయన వల బాగుచేస్తున్నాడు. "ఏటి బాబూ, సేపల్లేని రేవుని ఏటి తీత్తారు?" అని నవ్వాడు. ఏం తోచక కెమెరా ఆయన ముందే పెట్టాను. పది నిమిషాల దాకా నాకేమీ కనబడలేదు. ఆ తర్వాత ఆయన కాలు కనబడింది. వల అంచు బొటనవేలికి తగిలించుకున్నాడు. కాలు చాపితే వల బిగుస్తోంది, ముడిస్తే వదులవుతోంది. చేతిలో దారం చుట్టిన సూది. తెగిన కన్నులోంచి సూది దూరి రావడం, ముడి పడడం, వేలు ఒక్కసారి వెనక్కి గుంజడం. చూపు మాత్రం వల మీద లేదు. పక్కనున్న మనిషితో కూతురి పెళ్ళి ఖర్చు మాట్లాడుతున్నాడు. లెక్క పెరిగినప్పుడల్లా ముడి గట్టిగా పడుతోంది.

ఆ ముక్కకి వయొలిన్ పెట్టమన్నారు ఒకరు. "కడలి బిడ్డల జీవన సమరం" అంటూ గంభీరమైన వ్యాఖ్యానం కూడా రాసిచ్చారు. నేను దారం లాగిన చప్పుడు, ఆ పెళ్ళి లెక్క మాత్రమే ఉంచాను. ఇంకేం కావాలి దానికి?

1895 డిసెంబర్ 28న పారిస్‌లో సినిమా తొలినాళ్ళ లూమియేర్ సోదరులు టికెట్టు పెట్టి చూపించిన కదిలే బొమ్మల్లో ఒకటి, వాళ్ళ ఫ్యాక్టరీ గేటులోంచి పనివాళ్ళు బయటికి రావడమే. నిమిషం కూడా ఉండదు. అదే గేటు దగ్గర మూడుసార్లు తీశారు. ఒకదాంట్లో బండికి ఒక గుర్రం, ఒకదాంట్లో రెండు, ఇంకోదాంట్లో అసలు గుర్రమే లేదు. మన సింధియాలో షిప్‌యార్డు షిఫ్టు వదిలినప్పుడు చూడండి, ఆ బొమ్మ ఇంకా ఆడుతూనే ఉంటుంది.

సరే, ఒకటి అడుగుతాను. మీ పొత్తులు కాల్చినావిడ నిప్పులు దేనితో విసిరింది? ఏ చేత్తో? తెలీదు కదూ. ఆదివారం మళ్ళీ వెళ్ళండి. ముందు పొత్తులు కొని, తియ్యొచ్చా అని ఆవిడని అడగండి. సరేనంటే ఫోను కదపకుండా, జూమ్ చెయ్యకుండా ఒక్క నిమిషం తియ్యండి. మధ్యలో ఎవరైనా అడ్డొస్తే రానివ్వండి.

నిమ్మకాయ ఎక్కువ రాయించుకోకండి, పళ్ళు పులుస్తాయి.

మీ తాతయ్య